వంశధార వెంట, గిడుగు వారి దారిలో

ఒడిశాలోని కలహండి కొండల్లో పుట్టిన వంశధార, సవర గూడేలున్న అడవుల్ని చుట్టుకుంటూ గుణుపురం దాటి, భామిని ప్రాంతంలో ఆంధ్ర నేలను తాకుతుంది. కళింగపట్నం దగ్గర సముద్రంలో కలిసేసరికి దాని నడక సుమారు 250 కిలోమీటర్లు. కొండల్లో గట్టి వాన పడిందంటే చాలు, కింద పల్లెలు రాత్రంతా మేలుకొని ఏటి వైపే చూస్తుంటాయి.

మహేంద్రగిరి నీళ్లు మోసుకొచ్చే మహేంద్రతనయను కలుపుకొని ఏరు హిరమండలం చేరుతుంది. అక్కడ గొట్టా బ్యారేజీ నుంచి కాలువలు బయల్దేరి దిగువ మడులను తడుపుతాయి. వంశధార నీటి కోసం ఒడిశా, ఆంధ్రప్రదేశ్‌ల మధ్య తగవు నడిచింది. 2010లో ట్రిబ్యునల్ ఏర్పడింది, 2017లో తీర్పు వచ్చింది. బ్యారేజీ పక్కనే సుమారు 19 టీఎంసీల జలాశయం కట్టారు. దానికోసం పాడలి, దుగ్గుపురం, తులగాం లాంటి ఊళ్లు ఖాళీ అయ్యాయి. దిగువ రైతుకు నీరు కావాలి, కాదనలేం. కానీ ఆ నీటికి తమ ఊరినే మూల్యంగా చెల్లించినవాళ్లను తలుచుకోకుండా ఈ ఏటి వెంట ముందుకు నడవలేం.

ఇంకాస్త కిందికి వస్తే పర్వతాలపేట. 1863 ఆగస్టు 29న గిడుగు వెంకట రామమూర్తి పుట్టింది ఈ చిన్న పల్లెలోనే. పర్లాకిమిడిలో బడిపంతులుగా ఉంటూ ఒక సవరను ఇంట్లో పెట్టుకుని ఆ భాష నేర్చాడాయన. సవరలకు బడులు పెట్టాడు, వాళ్ల భాషకు వ్యాకరణం, నిఘంటువు కూర్చాడు. జనం నోట ఉన్న తెలుగుకే పుస్తకాల్లో చోటు దక్కాలని పోరాడాడు. ఎగువన సవర, ఒడియా, దిగువన తెలుగు వినిపించే ఏటి ఒడ్డున పుట్టినవాడికి మనిషి మాట మీద అంత గౌరవం ఉండటంలో ఆశ్చర్యం లేదు.

అక్కడికి దగ్గర్లోనే శ్రీముఖలింగం. తూర్పు గాంగుల రాజధాని కళింగనగరం ఇదేనని శాసనాలు చదివి వాదించినవాడూ గిడుగే. 12వ శతాబ్దంలో అనంతవర్మ చోడగంగదేవుడు రాజధానిని కటకానికి మార్చాడు. రాజులు వెళ్లిపోయారు, ఊరు మిగిలింది. ఊరి మొదట్లో సోమేశ్వరాలయం గోడల మీది శిల్పాలు ఎండకీ వానకీ ఓర్చుకుని నిలబడి ఉన్నాయి. ఊళ్లోని ప్రధాన ఆలయ దైవం మధుకేశ్వరుడు సవరల ఇప్పచెట్టు మొదల్లో వెలిశాడని స్థలకథ. గర్భగుడిలో లింగం వెనక పెద్ద మట్టి గోలెం ఉంటుంది. బిడ్డ పుట్టినందుకు ఒక కుమ్మరి మొక్కుగా చేసి తెచ్చాడట. గుమ్మం కంటే గోలెం పెద్దది! లోపలికి ఎలా వెళ్లిందో ఈశ్వరుడికే ఎరుక అంటారు. అడవి మనిషి చెట్టుకీ, కుమ్మరి కుండకీ గర్భగుడిలో చోటిచ్చిన ఊరు ఇది. శివరాత్రి తర్వాత చక్రతీర్థ స్నానానికి ఇసుక తిన్నెల నిండా జనమే.

సముద్రం దగ్గరపడే వేళ కుడి ఒడ్డున శాలిహుండం కొండ. ఇటుకల స్తూపాలు, గుండ్రటి చైత్యాలు, తార, మారీచి విగ్రహాలు. ఈ బౌద్ధ క్షేత్రాన్ని 1919లో వెలుగులోకి తెచ్చింది మళ్లీ గిడుగు రామమూర్తే. కొండ మీద నిలబడితే ఏరు వెడల్పయి మడుల మధ్య కళింగపట్నం వైపు సాగడం కనిపిస్తుంది. ఒకప్పుడు ఓడలు ఆగిన ఆ రేవులో ఇప్పుడు బెస్తల పడవలు తిరుగుతున్నాయి.

ఈ ఏటి చరిత్ర మనకు దక్కిందంటే, ఒక బడిపంతులు పల్లెల్లో తిరిగి రాళ్లనూ మనుషులనూ ఒకే శ్రద్ధతో చదివాడు కాబట్టి. ఆ పని ఇప్పుడు మన వంతు. హిరమండలం ముంపు ఊళ్ల పెద్దలు పునరావాస కాలనీల్లో ఇంకా ఉన్నారు. తమ గట్ల పేర్లు, గ్రామదేవతల పండగలు, ఏటితో పెనుగులాడిన రాత్రులు వాళ్ల నోటనే ఉన్నాయి. సిక్కోలు (శ్రీకాకుళం) బడిపిల్లలు వాళ్ల దగ్గర కూర్చుని, వాళ్ల మాటల్లోనే వాటిని రాసిపెట్టాలి. ఆగస్టు 29న తెలుగు భాషా దినోత్సవం జరుపుకునే మనం గిడుగు వారికి చేయగల అసలైన సత్కారం అదే.