వెనుక సీటు, ముందు సీటు

దగ్గరివాళ్ల వద్ద దాచిన సంగతులను జనం తరచూ పరాయివాడికి చెప్పుకుంటారని జర్మన్ సామాజికవేత్త జార్జ్ సిమ్మెల్ 1908లోనే గుర్తించాడు; హైదరాబాద్ క్యాబ్ డ్రైవర్ అచ్చంగా అటువంటి పరాయివాడు. శంషాబాద్ విమానాశ్రయం నుంచి మియాపూర్ చేరేలోపు విడాకుల గొడవ, ఆస్పత్రి కబురు, ఉద్యోగం ఊడిన సంగతి అతని చెవిన పడతాయి గాని, అతడు అన్నం తిన్నాడో లేదో అడిగేవారు అరుదు. ఆ పరిచయం ట్రిప్ దాటి సాగదు కూడా. క్యాబ్ యాప్‌లలోని నంబర్ మాస్కింగ్, అంటే డ్రైవర్, ప్రయాణికుడు ఇరువురి అసలు నంబర్లూ కనబడకుండా వేరొక నంబరు ద్వారా కాల్ కలిపే ఏర్పాటు, ముఖ్యంగా స్త్రీల భద్రతకు అవసరమే. అయితే పాలమూరు నుంచో నల్లగొండ నుంచో వచ్చి అద్దెగదిలో ఉంటున్న డ్రైవర్‌కు, గంటసేపు కష్టసుఖాలు చెప్పుకున్న మనిషి ట్రిప్ ముగియగానే ఒక రేటింగ్‌గా మాత్రమే మిగలడానికి అదీ ఒక కారణం. ఓటీపీ చెప్పేటప్పుడు ఒక పలకరింపు కలిపితే అదనపు ఛార్జీ ఏమీ పడదు.