ఇంకెవడన్న చూస్తే?

గల్ఫ్‌లో ఉండే మనవాళ్ళ ఫోన్లలో వాట్సాప్ పక్కనే ఇప్పుడు ఇంకో యాప్ ఉంటోంది: ఊళ్ళో ఇంటి కెమెరా. నేనుండేది జుబైల్‌లో. అమ్మానాన్నలు జగిత్యాల దగ్గర పల్లెలో. ఇక్కడ నాలుగింటికి డ్యూటీకి లేస్తే అక్కడ ఆరున్నర. వాకిట్లో సాన్పు చల్లి ముగ్గేస్తున్న అమ్మను చూసి బస్సెక్కుతాను.

పోయిన సెలవులో అమ్మ అడిగింది. "నువ్వు చూస్తే చూడు కొడుకా. ఇంకెవడన్న చూస్తే ఎట్ల?"

అది ఉత్త భయం కాదు. 2014లో ఒక వెబ్‌సైట్ ఎన్నో దేశాల కెమెరాలను, వేల సంఖ్యలో, ప్రత్యక్షంగా చూపించింది. ఇళ్ళు, కొట్లు, పసిపిల్లల ఊయలలు. తాళం ఎవరూ పగలగొట్టలేదు. ఫ్యాక్టరీ పెట్టిన పాస్‌వర్డ్‌ను కొన్నవాళ్ళు మార్చలేదు, అంతే. 2016లో మిరాయ్ అనే మాల్‌వేర్ కూడా అలాంటి అరవై చిల్లర పాస్‌వర్డ్‌లతోనే కెమెరాలు, డీవీఆర్‌లు, రౌటర్లు కలిపి లక్షల్లో లొంగదీసుకుంది.

సౌదీలో 2007 నుంచి సైబర్ నేరాల చట్టం ఉంది. ఇతరుల సమాచారంలోకి దొంగచాటుగా తొంగిచూస్తే ఏడాది దాకా జైలు, ఐదు లక్షల రియాల్స్ దాకా జరిమానా. కానీ మా ఊరి హాల్లోకి తొంగిచూసేవాడు ఏ దేశంలో కూర్చున్నాడో ఎవరికి తెలుసు? మన తలుపు మనమే వేసుకోవాలి.

కెమెరా బిగించిన పిల్లగాణ్ణి పిలిచి ఇద్దరం కూర్చున్నాం. పొడుగాటి కొత్త పాస్‌వర్డ్ పెట్టాం. ఫోన్‌కు కోడ్ వస్తేనే తెరుచుకునేలా రెండో తాళం వేశాం. సాఫ్ట్‌వేర్ అప్‌డేట్ చేశాం. బయటినుంచి చూడటానికి రౌటర్‌లో తెరిచిన పోర్ట్ మూసేశాం. యాప్ ఉంటే దాని అవసరమే లేదు. రిపేర్ల కోసమని ఉంచుకున్న తన ఫోన్‌ను ఆ పిల్లగాడే నవ్వుతూ జాబితాలోంచి తీసేశాడు.

అన్నీ అయ్యాక అమ్మ హాల్లో కెమెరా చూపించింది. "దొంగ బయటికెల్లి గదరా వచ్చేది? మీ నాయిన అంగీ ఇడిసి కూసుందామన్నా దీనికి జంకుతుండు."

దాన్ని విప్పి గేటు మీద బిగించాం. ఏ పాస్‌వర్డూ ఇంత గట్టిది కాదు. గదిలో లేని కెమెరాలోకి ఎవడూ తొంగిచూడలేడు, నాతో సహా.

మీ యాప్‌లో కూడా కెమెరా ఎవరెవరితో పంచుకున్నారో ఆ జాబితా ఒకసారి తెరవండి. అందులో ఎన్ని పేర్లున్నాయో, వాళ్ళు చూస్తున్నట్టు మీ అమ్మకు తెలుసో లేదో చూడండి.