బానే ఉంది

నవీన్ 'అంపశయ్య' (1969) ఉస్మానియా క్యాంపస్‌లో రవి అనే స్టూడెంట్ గడిపే ఒక్క రోజు కథ. రవికి డబ్బు బెంగ, చదువు బెంగ, ఊళ్ళో ఇంటి బెంగ. లోపల ఎంత గందరగోళమున్నా, తనకి ఏం లేదో అతనికి తెలుసు.

ఆ క్యాంపస్ పక్కనే, తార్నాకలో నేను రోజూ మెట్రో ఎక్కుతాను. రాయదుర్గంలో దిగుతాను. 2019 నవంబర్లో రాయదుర్గం దాకా లైను వచ్చాక బస్సుల బాధ పోయింది. రవికి లేనివన్నీ మా పెట్టెలో ఉన్నవాళ్ళకి ఉన్నాయి: జీతం, హెల్త్ ఇన్సూరెన్స్, ఇరవయ్యేళ్ళ ఈఎంఐతో ఒక ఫ్లాట్. అయినా ఒకాయన రోజూ ఫోన్లో ఎప్పటికీ కొనలేని విల్లాలు చూసుకుంటూ ఉంటాడు. ఒకావిడ అమీర్‌పేట దాటేదాకా క్రెష్ సీసీటీవీలో పాపని చూస్తూనే ఉంటుంది. ఎవరైనా పలకరిస్తే ఇద్దరూ "బానే ఉంది" అనే అంటారు. నేనూ అదే అంటాను.

అది అబద్ధం కాదు. కష్టం అని చెప్పుకోడానికి సరిపోనిది ఏదో మిగిలిపోతుంది, అంతే. కోరుకున్నదే దొరికింది కాబట్టి ఎవరి మీదా ఫిర్యాదు చేయలేం. మన నగరం కథల్లో చాలావాటికి ఒక చావో, విడాకులో, లేఆఫో కావాలి. ఏమీ జరగని మంగళవారం గురించి రాసేవాళ్ళు తక్కువ.

దీని గురించి మాట్లాడటానికి సిగ్గేస్తుంది కూడా. మా అపార్ట్‌మెంట్ వాచ్‌మన్‌ది పాలమూరు వైపు. భార్యాభర్తలు సెల్లార్లో ఒక్క గదిలో ఉంటారు; పక్కన నా కారుకి అంతకంటే కాస్త ఎక్కువే చోటుంది. "ఎలా ఉన్నావన్నా?" అంటే, "మంచిగనే ఉన్నం సార్" అంటాడు. నా "బానే ఉంది" వెనక చెప్పడానికేమీ లేదు. అతని దాని వెనక చాలా ఉంది. చెప్తే ఆ గది ఉంటుందో లేదో తెలీదు. రెండూ ఒకేలా వినిపిస్తాయి కాబట్టి ఇద్దరం ముందుకెళ్ళిపోతాం. మన అసంతృప్తిని మనమే నోరు నొక్కేస్తే, పక్కవాడిదీ వినపడదనిపిస్తుంది.

మొన్న ఆ జవాబు విన్నాక లిఫ్ట్ వైపు వెళ్ళకుండా నిలబడ్డాను. "ఏంది సార్?" అన్నాడు. ఏం లేదన్నా, ఊరికే అన్నాను. కాసేపాగి, "పిలగాన్ని ఊర్ల అవ్వ దగ్గర్నే ఇడ్సినం సార్. ఈడ గది సరిపోతలేదు" అన్నాడు.