అన్ని ముగింపులూ జరిగాయి

వీడియో గేములకు కథ రాసేవాళ్లకు అసలు తలనొప్పి రెండో భాగంలో మొదలవుతుంది. మొదటి గేములో ఆడేవాడి చేతికి మూడు ముగింపులు ఇచ్చేస్తాం. రాజును చంపొచ్చు, గద్దె మీదే ఉంచొచ్చు, దేశం దాటించొచ్చు. అందరూ మెచ్చుకుంటారు. కొన్నాళ్లకు సీక్వెల్ అంటారు. అప్పుడు టీమ్‌లో కుర్రాడు అడుగుతాడు: "అన్నా, ఇంతకీ రాజు ఉన్నట్టా, పోయినట్టా?"

హైదరాబాద్‌లో కూర్చుని ఈ ప్రశ్నకు జవాబు వెతకడమే నా ఉద్యోగం. కలం కన్నా ఎక్సెల్ షీట్‌తోనే పని ఎక్కువ. ఆడేవాడు తీసుకున్న ప్రతి నిర్ణయం సేవ్ ఫైల్లో ఒక అంకె. అవునూ కాదూ అనే నిర్ణయాలు మూడుంటే ఎనిమిది లోకాలు తయారవుతాయి, పదుంటే 1,024. ఒక్కో లోకానికీ డైలాగులు రాసి, డబ్బింగ్ చెప్పించి, టెస్టర్లతో ఆడించాలంటే డబ్బు పెట్టేవాడు పారిపోతాడు. 2010లో వచ్చిన మాస్ ఎఫెక్ట్ 2 పాత సేవ్ ఫైల్‌ని తెచ్చుకుని ఆ లెక్కలన్నీ మోసింది. అంత స్తోమత అందరికీ ఉండదు. అందుకని గోడమీద పిల్లి డైలాగులు రాస్తాం. "ఆ గొడవ తర్వాత ఊరు మునుపటిలా లేదు బాబూ" అంటాడు సత్రం యజమాని. ఏ గొడవ అని అడగడానికి మాత్రం బటన్ పెట్టం.

ఈ చిక్కుముడిని బెథెస్డా కంపెనీ రచయితలు విప్పిన తీరు నాకు ఇప్పటికీ అసూయగానే ఉంటుంది. వాళ్ల ఎల్డర్ స్క్రోల్స్ వరుసలో 1996లో డాగర్‌ఫాల్ వచ్చింది. అందులో న్యుమిడియం అనే బ్రహ్మాండమైన ఇత్తడి బొమ్మ ఉంటుంది. దాన్ని నడిపించే అధికార చిహ్నం ఆడేవాడి చేతికి చిక్కుతుంది, ఎవరికివ్వాలన్నది అతని ఇష్టం. చక్రవర్తి మనుషులకివ్వొచ్చు, ఇలియాక్ అఖాతం చుట్టూ ఉన్న రాజుల్లో ఒకరికివ్వొచ్చు, ఓర్క్ జాతి నాయకుడు గోర్ట్‌వోగ్‌కివ్వొచ్చు, శవాలతో క్షుద్రవిద్య చేసే మానిమార్కోకివ్వొచ్చు, చావలేక బతుకుతున్న అండర్‌కింగ్‌కివ్వొచ్చు. ఒకరు గెలిస్తే మిగతావాళ్లు గెలవరు.

2002లో అదే వరుసలో మొరోవిండ్ వచ్చేనాటికి ఏది నిజమో తేల్చాలి. అన్నీ నిజమే అన్నారు! ఆ లోకంలో కాలానికి దేవుడు అకటోష్, డ్రాగన్ రూపం. ఆ డ్రాగన్ విరిగితే కాలం ఒకే దారిన నడవదు. మూడో యుగం 417వ ఏట ఇలియాక్ అఖాతం దగ్గర అలాగే విరిగిందట. అతుక్కునేసరికి 44 చిన్న రాజ్యాల చోట నాలుగే మిగిలాయి. ఓర్క్‌లకు రాజ్యం దక్కింది, అండర్‌కింగ్‌కు చావు దక్కింది, మానిమార్కో దేవుడయ్యాడు.

సగం మంది ఇది తప్పించుకునే ఎత్తు అంటారు. ఎత్తే. ముగింపులన్నీ కలిపేయడం 2003లో డ్యూస్ ఎక్స్ రెండో భాగమూ చేసింది. కానీ బెథెస్డా వాళ్లు కలిపిన చోటును దాచలేదు, దానికి పేరు పెట్టి, తేదీ వేసి, చరిత్రలోకి ఎక్కించారు. కాలం అంతకన్నా పెద్దగా మొదటి యుగంలోనే విరిగిందని, అది 1,008 ఏళ్లు సాగిందని కల్పించారు. మొరోవిండ్‌లో దాని మీద ఒక పుస్తకం దొరుకుతుంది. అప్పుడు మీరెక్కడున్నారని ఒక్కో జాతివాళ్లనీ అడిగితే ఎవరి జ్ఞాపకం వాళ్లది. తమ సరిహద్దులు కళ్లముందే మెలికలు తిరిగాయంటుంది ఒకామె. ఖాజీట్ జాతివాడు మాత్రం, మీరంతా తికమకలో ఉంటే లెక్క రాసింది మేమే అంటాడు. వాళ్ల ఆకాశంలో చంద్రులు ఇద్దరు. అప్పుడు మారకుండా ఉన్నవి ఆ రెండేనట, వాటిని చూస్తూ ఏళ్లు లెక్కపెట్టారు. అదే గేములో ఇంకో పండితుడి పుస్తకం ఉంది. కాలం విరగనూ లేదు, ఏమీ లేదు, పాత చరిత్రకారులు తేదీలు తప్పు వేశారు, అంతే అని వాదిస్తాడు. తమ అతుకును తామే అనుమానించే మనిషిని లోపల పెట్టుకున్నారు చూడండి, అదీ పనితనమంటే.

దాని బరువు తర్వాత కూడా మోశారు. అదే వరుసలో 2006లో వచ్చిన ఆబ్లివియన్‌లో మానిమార్కో మామూలు మాంత్రికుడిలా ఎదురై కత్తికి పడిపోతాడు. దేవుడయ్యాడన్నారుగా అని అభిమానులు గోలపెట్టారు. కాలం విరిగినప్పుడు ఒకడు దేవుడయ్యాడు, ఒకడు మనిషిగానే మిగిలాడన్నది సమాధానం. నాకైతే ఆ ఫైటు ఇప్పటికీ చప్పగానే ఉంటుంది. లెక్క కుదిరినంత మాత్రాన సీను పండదు.

మొన్న మీటింగ్‌లో మా కుర్రాడు ఉత్సాహంగా, "అన్నా, మనమూ కాలం విరిగిందని రాసేద్దాం, షీట్ మొత్తం ఒక్క వరుసకొచ్చేస్తుంది" అన్నాడు. నిర్మాత ముఖం అప్పుడే వెలిగింది. రాయొచ్చు గానీ, అది జరిగిన రోజు సంతలో కూరగాయలమ్మే మనిషికి ఏం గుర్తుందో, ఆమె కొడుక్కి ఏం గుర్తుందో, ఇద్దరి మాటా ఎందుకు కలవదో ముందు రాసుకురమ్మన్నాను. వాళ్లిద్దరికీ డబ్బింగ్ ఎంతవుతుందని నిర్మాత అప్పుడే అడుగుతున్నాడు.