రామేశ్వరానికి రెండు రోజులు

మదురైలో స్థిరపడిన మన వాళ్ళకు రామేశ్వరం దూరం కాదు. రైలు ఎక్కితే నాలుగు గంటల పని. అందుచేతనే కాబోలు, "పోదాములే, ఎక్కడికి పోతుంది" అనుకుంటూ ఏళ్ళు గడిపివేశాము. ఆంధ్రదేశం నుంచి రాత్రింబవళ్ళు ప్రయాణం చేసి వచ్చేవారు కాశీ గంగతో అభిషేకం చేయించుకుని, ఇక్కడి ఇసుక మూట కట్టుకుని పోతూనే వున్నారు. ఇంటి ముందరి దీవిని చూడనివారము మేమే.

ఈ సంవత్సరం శివరాత్రి జనం తగ్గిన తరువాత బయలుదేరాలని నిశ్చయించుకున్నాము. ఆడి అమావాస్యకు, తై అమావాస్యకు అక్కడ కాలు పెట్టే చోటు వుండదు. కార్తీక మార్గశిరాలలో తుపానుల భయం. పిల్లలకు ఎండాకాలం సెలవులు వచ్చేవరకు ఆగితే ఇసుక మీద నడవలేము. అన్నీ ఆలోచించి రెండు రోజులు, ఒక రాత్రి అని లెక్క వేసుకున్నాము. అమ్మకు దేవాలయంలోని ఇరవైరెండు తీర్థాలూ ఆడాలని పట్టుదల. పిల్లలకు కొత్త వంతెన మీద రైలులో పోవాలని కోరిక. నాయన మాత్రం ఒక్క మాటే అన్నారు: "నాకు ధనుష్కోటి చూపించండి, చాలు."

కారణం మాకు తెలియనిది కాదు. 1962లో, నాయనకు ఎనిమిదేళ్ళప్పుడు, మా తాతగారు ఆయనను వెంట పెట్టుకుని ధనుష్కోటి వరకు వెళ్ళి, తమ తమ్ముణ్ణి సింహళానికి ఓడ ఎక్కించి వచ్చారు. ఆ రోజులలో రైలు ధనుష్కోటి దాకా పోయేది. అక్కడ దిగి ఓడ ఎక్కితే తలైమన్నార్, మళ్ళీ రైలు, కొలంబో. చిన్నతాతగారు అక్కడ ఒక అంగడిలో కుదిరారు. సంక్రాంతికి వస్తానని 1964 డిసెంబరులో జాబు వ్రాశారు. ఆ నెల 22వ తేదీ రాత్రి తుపాను వచ్చి ధనుష్కోటి ఊరిని తుడిచిపెట్టింది. స్టేషనుకు చేరబోతున్న పాసింజరు బండిని జనంతో సహా సముద్రం మింగివేసింది. ఆయన ఓడ దిగి ఆ ఊళ్ళోనే వుండి వుంటారేమోనని మా ముత్తవ్వ అన్నం మానివేసింది. ఫిబ్రవరిలో క్షేమమని జాబు వచ్చింది. బయలుదేరనే లేదట! కాని తరువాత ఆయన రానూ లేదు. ముత్తవ్వ కొడుకు ముఖం చూడకుండానే పోయింది.

పాంబన్ దగ్గర పిల్లలు కిటికీలకు అతుక్కుపోయారు. 1914 నాటి పాత వంతెన మీద రైళ్ళు 2022 డిసెంబరులో ఆగిపోయాయి. కొత్తది 2025 ఏప్రిల్ 6న తెరిచారు. పాతదానికి ఓడ వచ్చినప్పుడు నడుమ రెండు రెక్కలు విచ్చుకునేవి, కొత్తదానికి 72.5 మీటర్ల భాగం మొత్తం ఏతం కడవలాగ నిలువుగా 17 మీటర్లు పైకి లేస్తుంది. 1964 తుపానుకు పాత వంతెన దెబ్బతింటే, శ్రీధరన్ అనే యువ ఇంజనీరు 46 రోజులలో నిలబెట్టారు. ఢిల్లీ మెట్రో కట్టించినది ఆయనే. పక్కన 1988లో వచ్చిన రోడ్డు వంతెన మీద బస్సులు చీమలబారులాగ కనిపించాయి.

మేము చేసిన పొరపాటు ఒక్కటే. మొదటి రోజంతా దేవాలయానికి వుంచి, రెండవనాడు పొద్దున్న ధనుష్కోటి అనుకున్నవాళ్ళము, రైలు ఆలస్యం కావడంతో అంతా తలక్రిందులు చేశాము. మొదటినాడు రాత్రి దర్శనమూ కాలేదు. రెండవనాడు తెల్లవారి అగ్నితీర్థంలో మునిగి, లోపల బావి వెంట బావి దగ్గర చేదలతో నీళ్ళు పోయించుకుని, తడిబట్టలతో గర్భాలయానికి పోరాదు గనుక గుడ్డలు మార్చుకుని వరుసలో నిలబడేసరికి పొద్దెక్కింది. హనుమంతుడు తెచ్చిన విశ్వలింగానికి ముందు పూజ, సీతమ్మ ఇసుకతో చేసిన రామలింగానికి తరువాత. అది రాముడు పెట్టిన కట్టడి అంటారు. బయటి ప్రాకారంలో సుమారు 1,200 స్తంభాలు. ఒక కొన నుంచి చూస్తే రెండవ కొన అగుపించదు. పిల్లలు లెక్కపెట్టబోయి యాభైతో విరమించారు. కలాంగారు పుట్టిన ఇల్లు చూడనే లేదు. భోజనాలై వ్యాను ఎక్కేటప్పటికి మూడు దాటింది. నాయన ఒక్క మాట అనలేదు. అనకపోవడమే మాకు కష్టంగా తోచింది.

అరిచల్ మునై దాకా ఇప్పుడు చక్కని రోడ్డు వున్నది, 2017లో తెరిచారు. ఎడమన పాక్ జలసంధి, కుడిన మన్నార్ సింధుశాఖ, నడుమ ఇసుకపట్టీ. ఒకటి ఆడ సముద్రం, నిదానం. రెండవది మగ సముద్రం, రొద. అక్కడి వాళ్ళు పెట్టిన పేర్లే అవి. పొద్దుగూకక ముందే పోలీసులు అందరినీ వెనక్కు పంపుతారు. "అరగంట" అన్నాడు దారిలో వున్న జవాను.

కొన చూడడం మానుకుని పాత ఊరి దగ్గరే ఆగాము. పైకప్పు లేని చర్చి గోడలు, రైల్వే వాళ్ళ కట్టడాల మొండాలు, మధ్య జాలర్ల గుడిసెలు. నాయన చెప్పులు చేత పట్టుకుని ఒక గోడ నుంచి ఇంకొక గోడకు నడిచారు. ఒకచోట ఆగి, "ఈడనే మా నాయన నాకు ఇడ్లీ పొట్లం కొనిచ్చె. చిన్నాయన సగం తినె" అన్నారు. అది నిజంగా ఆ చోటేనా అని అడగబోయిన చిన్నవాణ్ణి వాళ్ళమ్మ గిల్లింది.

అమ్మ కాశీకని దోసెడు ఇసుక కొంగున కట్టుకున్నది. నాయన ఒక గవ్వ ఏరి జేబులో వేసుకున్నారు. జవాను ఈల వేశాడు.

మన సంఘం వాళ్ళు ఎవరైనా వెళ్ళదలచుకుంటే మేము చెప్పేది ఇది: దిగిన నాడు మధ్యాహ్నమే ధనుష్కోటికి పొండి, తీర్థాలు మరునాడు తెల్లవారి ఆడవచ్చు. వృద్ధులు వెంట వుంటే రెండు రాత్రులు వుంచుకొండి. వ్యానులో తిరిగి వస్తూ నాయన, "ఈసారి పొద్దున్నే వద్దాము, కొన దాకా పోదాము" అన్నారు. ఆడి అమావాస్య దాటగానే అని మేము మాట యిచ్చాము.