నార్కట్‌పల్లిలో ఒక పూట భోజనం

హైదరాబాదు నుండి విజయవాడ పోయే దారిలో చౌటుప్పల్, చిట్యాల దాటాక నార్కట్‌పల్లి వస్తుంది. దాదాపు 85 కిలోమీటర్లు. మన పాఠకులలో చాలామంది ఈ ఊరిని బస్సు కిటికీలో నుండి చూసే ఉంటారు, టీ తాగడానికి దిగి కూడా ఉంటారు. దారి ఇక్కడే రెండుగా చీలుతుంది. నేరుగా పోతే నకిరేకల్, సూర్యాపేట మీదుగా విజయవాడ. కుడికి తిరిగితే నల్గొండ, మిర్యాలగూడ, పిడుగురాళ్ల, నరసరావుపేట దాటి అద్దంకి. ఒకప్పుడు తొమ్మిదో నంబరు జాతీయ రహదారి అనేవాళ్ళం, ఇప్పుడది అరవై అయిదో నంబరు. రోడ్డు వెడల్పయింది, హోటళ్ళు పెద్దవయ్యాయి, 1999లో వచ్చిన కామినేని మెడికల్ కాలేజీతో ఊరి రూపే మారింది. మారనిదల్లా ఒక్కటే. ఇక్కడ అందరూ ఆగుతారు గాని ఎవరూ ఉండరు.

మేమూ అంతే. ముప్పై ఏళ్ళుగా ఆ దారిన పోతూ వస్తూ, "ఈసారి చిన్నమ్మ దగ్గర దిగుదాం" అనుకొని దిగకుండానే పోయినవాళ్ళం. చిన్నాయన ప్రభువు నందు నిద్రించి ఏడాదిన్నర అయింది. భూస్థాపన రోజున వెళ్ళాము, తర్వాత అన్నీ ఫోన్లే. ఎప్పుడు అడిగినా "తింటున్న బిడ్డా, నాకేం తక్కువ" అనేది. ఫిబ్రవరిలో మిర్యాలగూడలో పెళ్ళికి పోతూ, ఈసారి చెప్పకుండానే దిగాము. ఆ రోజు అమావాస్య. చెర్వుగట్టు గుట్టకు పోయే జనంతో బస్సు కిటకిటలాడుతోంది. నిలబడే వచ్చి, సాయంత్రం ఆరు గంటలకు కూడలిలో దిగి ఆటో ఎక్కాము.

చిన్నమ్మ ఊరు అక్కడికి మూడు కిలోమీటర్లు. దారి పొడవునా ఏరివేసిన పత్తి చేలు, మధ్య మధ్య బత్తాయి, నిమ్మ తోటలు, బండరాళ్ళ గుట్టలు, తాటిచెట్లు. నిమ్మకాయకు నకిరేకల్, బత్తాయికి నల్గొండ పేరు పడ్డాయిగాని ఈ నేలలో నీటి కష్టం చిన్నది కాదు. బోరు నీళ్ళలో ఫ్లోరైడు. లీటరులో ఒకటిన్నర మిల్లీగ్రాములు మించకూడదంటారు. అది మించిన నీళ్ళు ఏళ్ళ తరబడి తాగి పళ్ళు గారపట్టినవారిని, నడుములు వంగినవారిని ఈ జిల్లాలో చూడని కుటుంబం అరుదు. పటిక, సున్నంతో నీళ్ళలోని ఫ్లోరైడు తగ్గించే విధానాన్ని నాగపూర్ శాస్త్రజ్ఞులు 1970లలో కనిపెట్టారు. దానికి లోకమంతటా 'నల్గొండ పద్ధతి' అనే పేరే నిలిచింది. పేరు రావడానికి ఇదొక కారణమా అని నవ్వాలో ఏడవాలో తెలియదు. కృష్ణా నీళ్ళు నల్లాలకు తేవడానికి 2015లో చౌటుప్పల్‌లోనే మిషన్ భగీరథ పైలాన్ నిలబెట్టారు. చిన్నమ్మ ఇంటికీ నల్లా ఉంది. వంటకు ఆ నీళ్ళే, బోరు నీళ్ళు గిన్నెలు తోమడానికే. ఒక మాట గుర్తుంచుకోవాలి. కాచినంత మాత్రాన ఫ్లోరైడు పోదు, నీరు ఇగిరిన కొద్దీ చిక్కబడుతుంది.

మమ్మల్ని చూసి చిన్నమ్మ సంతోషపడింది, వెంటనే కంగారుపడింది. "ఒక్క ఫోను చెయ్యకపోతిరి! ఇంట్ల ఏమున్నదని పెట్టాలె?" అంది. లోపలికి పోయి చూశాము. పొయ్యి మీద ఒక చిన్న గిన్నెలో పొద్దుటి పప్పు, అడుగున ఇంత అన్నం. "తింటున్న బిడ్డా" అన్న మాటకు అర్థం ఆ గిన్నెలో కనిపించింది. ఊళ్ళో కూరగాయల కొట్టు ఒక్కటే, అదీ మూసేశారు. బియ్యం ఉన్నాయి గదా, తొక్కు వేసుకొని తింటామన్నాము. ఆమె ఒప్పుకోలేదు. చేతులు నలుపుకుంటూ కాసేపు నిలబడి, చివరకు గోడ బీరువా తీసింది.

ఆ బీరువా తీసి చాలా రోజులైనట్టుంది. డల్లాస్‌లో ఉన్న కూతురు పంపినవి, వీళ్ళిద్దరూ రెండేళ్ళ కింద అక్కడికి పోయినప్పుడు తెచ్చుకున్నవి, అన్నీ అందులోనే ఉన్నాయి. మాకరోని ప్యాకెట్టు, పాలపొడి, మిరియాల సీసా, మూడు చేపల డబ్బాలు. డబ్బా మీద 'చికెన్ ఆఫ్ ద సీ' అని ఉంది. పక్కింటి పిల్ల అది చదివి కోడికూర అని చెప్పిందట. కోడి కాదు, అది అక్కడి కంపెనీ పేరు. లోపల ఉన్నది ట్యూనా, అంటే మన విశాఖ జాలరులు తూర అనే చేప.

"మీ చిన్నాయన తెచ్చుకున్నడు గవి" అంది చిన్నమ్మ. డల్లాస్‌లో కూతురు వెళ్ళే సంఘంలో ఒక బుధవారం ప్రార్థన తర్వాత విందు. తలా ఒక వంటకం తెచ్చి బల్లమీద పెడతారు. ఒక పళ్ళెంలో పైన ఎర్రగా కాలి, లోపల మెత్తగా ఉన్నదేదో చిన్నాయన మూడుసార్లు వడ్డించుకున్నాడట. ఎలా చేస్తారో కూతురిని అడిగి చిన్నమ్మ నేర్చుకుంది కూడా. "ఇంటికొచ్చినంక చెయ్యవే, చెయ్యవే అన్నడు. ఎప్పుడన్న చేస్త లే, గా డబ్బాలు యాడికి పోతయి అన్న. చెయ్యలే." అంతకుమించి ఏమీ అనలేదు. మేమూ ఏమీ అనలేదు. డబ్బాలు తీసి తేదీలు చూశాము. ఇంకా నాలుగు నెలల గడువుంది. డబ్బా ఉబ్బినా, తుప్పుపట్టి కారినా, నొక్కులు పడి అతుకు విడిచినా, లోపల వాసన బాగున్నా సరే తినకూడదు. ఇవి బాగానే ఉన్నాయి.

"ఇప్పుడు చేద్దామా చిన్నమ్మా?" అంటే, ఆమె కొంగు దోపుకుంది.

అమెరికాలో ఈ వంట పుట్టింది గొప్పింటివారి బల్లమీద కాదు. 1903లో కాలిఫోర్నియాలోని సాన్ పెడ్రోలో సార్డీను చేప దొరక్క, ఆల్బర్ట్ హాఫ్‌హిల్ అనే ఆయన ట్యూనాను డబ్బాలకెత్తాడు. తర్వాత 1930లలో పనులు పోయి దేశమంతా అల్లాడిన రోజుల్లో, చవకగా దొరికే డబ్బా చేప, మాకరోని, 1934లో క్యాంప్‌బెల్ కంపెనీ తెచ్చిన పుట్టగొడుగుల సూపు డబ్బా కలిపి తల్లులు పిల్లల కడుపు నింపారు. సంఘ విందులకూ అదే నిలిచిపోయింది. 1890లో నల్గొండలో సేవ మొదలుపెట్టిన అబ్రాహాము ఫ్రీసెన్ దంపతులు రష్యా నుండి వచ్చిన మెన్నోనైటులని మన పెద్దలకు తెలుసు. అదే మెన్నోనైటుల అమెరికా సంఘాల కోసం డోరిస్ జాన్జెన్ లాంగేకర్ అనే సహోదరి 1976లో ఒక వంట పుస్తకం కూర్చింది. లోకంలో ఆకలిగొన్నవారిని తలచుకొని మన వంటింట్లో ఖర్చు తగ్గించుకోవడం దాని ఉద్దేశం. మాకరోని మాత్రం అమెరికా నుండి తెచ్చుకోనక్కరలేదు. బాంబినోవారి ఫ్యాక్టరీ పాత నల్గొండ జిల్లాలోని బీబీనగర్‌లోనే ఉంది. ఆ సంగతి చిన్నమ్మకు చెబితే, "మరి నా బిడ్డ గక్కడికెల్లి మోసి పంపె!" అని ఆ సాయంత్రం మొదటిసారి నవ్వింది.

ఇక వంట. పావుకిలో మాకరోనిని రెండు లీటర్ల ఉప్పునీళ్ళలో, కొంచెం పలుకు ఉండగానే దించి వార్చాము. మాకరోని ఆ నీటిని పీల్చుకుంటుంది గనుక నల్లా నీళ్ళే వాడాము. పాలు అయిపోయాయి, అందుకే అర లీటరు గోరువెచ్చని నీళ్ళలో పెద్ద చెంచాతో ఎనిమిది చెంచాల పాలపొడి కలిపాము. గిన్నెలో మూడు చెంచాల వెన్న కరిగించి, తరిగిన ఉల్లిగడ్డ, రెండు పచ్చిమిర్చి వేయించి, మూడు చెంచాల మైదా వేసి పచ్చివాసన పోయేదాకా కలపాలి. తర్వాత పాలు కొంచెం కొంచెంగా పోయాలి. ఒకేసారి పోస్తే ఉండలు కడుతుంది. మేము తొందరపడ్డాము, కట్టింది. చిన్నమ్మ మా చేతిలో గరిటె తీసుకొని కవ్వంతో చిలికి సరిచేసింది. గరిటెకు పట్టేంత చిక్కబడ్డాక మిరియాల పొడి వేసి, రెండు డబ్బాల చేప నీళ్ళు వంపేసి విడదీసి కలిపి, మాకరోని పోయాలి. చేపలో ఉప్పు ఉంటుంది గనుక రుచి చూసిన తర్వాతే ఉప్పు.

డబ్బా లేనివారు చెరువు చేపను, రవ్వ గాని బొచ్చె గాని, ఉప్పు పసుపు వేసి ఉడికించి ముళ్ళు తీసి వాడుకోవచ్చు. ముళ్ళు ఓపికగా తీయాలి, పిల్లలు తింటారు.

అమెరికాలో పైన బిస్కెట్ల పొడి గాని ఆలుగడ్డ చిప్స్ గాని చల్లుతారట. మాకు రెండూ లేవు. సంక్రాంతి సకినాలు డబ్బా అడుగున మిగిలాయి. చిన్నమ్మ వాటిని రోట్లో కచ్చాపచ్చాగా నలిపి పైన చల్లింది. నువ్వులు, వాము ఎలాగూ అందులోనే ఉన్నాయి.

ఓవెన్ లేదు. క్రిస్మసు కేకుకు వాడే పెద్ద గంజు తీసింది. అడుగున రెండు వేళ్ళ మందం కడిగి ఆరబెట్టిన ఇసుక, దాని మీద ఇనుప చుట్టు. పది నిమిషాలు పొయ్యి మీద వేడెక్కాక, మాకరోని గిన్నెను చుట్టు మీద దింపి, మూత పెట్టి, మూత మీద తుమ్మ కట్టెల నిప్పులు పరిచింది. అరగంట. నిప్పుల దగ్గర కూర్చొని చిన్నాయన కబుర్లు చెప్పింది. ఆదివారం బడి పిల్లలకు ఆయన పటాలు గీసి చూపేవాడని, యోనా చేపను గీస్తే అది బర్రెలా వచ్చేదని. మూత తీసినప్పుడు సకినాల పొడి బంగారు రంగు తేలి, అంచుల్లో పాలు బుసబుస పొంగుతున్నాయి.

చిన్నమ్మ ప్రార్థన చేసింది, చిన్నదే. నాలుగు పళ్ళాలు వేసి, ఒకటి తిరిగి గూట్లో పెట్టింది. మొదటి ముద్ద తిని కాసేపు నమిలింది. "సప్పగున్నది" అని లేచి మామిడికాయ తొక్కు తెచ్చుకుంది. మేమూ వేసుకున్నాము. నిజంగానే బాగా కుదిరింది. ఆమె రెండోసారి వడ్డించుకోవడం మేమిద్దరం చూసి, చూడనట్టు ఉన్నాము.

పొద్దున ఆటోలో కూడలికి వచ్చి మిర్యాలగూడ బస్సు ఎక్కాము. బస్సు కుడికి తిరిగి నల్గొండ దారి పట్టగానే ఫోను మోగింది.

"బిడ్డా, ఆదివారం అయ్యగారిని, అమ్మగారిని తిననీకి రమ్మన్న. డబ్బా ఒక్కటే మిగిలింది, నలుగురికి చాలుతదా? మాకరోని ప్యాకెట్టు నల్గొండల దొర్కితే, వచ్చేటప్పుడు దిగి ఇచ్చి పోన్రి."