చక్రము చెప్పిన మాట

వాహనములో మనము చూచి మెచ్చుకొను భాగములు కొన్ని, చూడకయే నమ్ముకొను భాగములు కొన్ని. రంగు, అద్దములు, మెత్తని ఆసనములు మొదటి తెగలోనివి. చక్రపు బేరింగులు రెండవ తెగలోనివి. బండి బరువంతయు, అందులో కూర్చున్నవారి ప్రాణములతో సహా, చక్రముల నడుమ దాగియున్న పిడికెడేసి ఉక్కుముక్కలమీదనే నిలిచియుండును. అవి సరిగా నున్నంతకాలము వాటి ఉనికియే మనకు తెలియదు. అరుగుట ఆరంభించిన పిదప మాత్రము అవి మాటలాడును. ఆ మాటను ఎట్లు వినవలెనో, విని ఏమి చేయవలెనో నాకు తెలిసినంతలో చదువరులకు విన్నవించుకొనుట ఈ వ్యాసోద్దేశము.

నా వద్ద నున్నది 1992వ సంవత్సరపు అంబాసిడరు కారు. ఇంగ్లండు దేశపు మారిస్ ఆక్స్‌ఫర్డు మూడవ శ్రేణి కారును అనుసరించి మన దేశమున తయారైన ఈ బండి అర్ధశతాబ్దికి పైగా మన రహదారులను ఏలినది. వంగభూమిలోని ఉత్తరపాడా కర్మాగారమున దీని ఉత్పత్తి 2014లో ఆగిపోయినది. పదునైదేండ్లు ఏనాడో దాటిన బండి కావున, గడువు వచ్చినప్పుడెల్ల పరీక్ష చేయించి రిజిస్ట్రేషను పొడిగించుకొనుచున్నాను. పాత బండి నుంచుకొనువాడు తన చెవులను నమ్ముకొనవలెను. క్రొత్త బండ్లలో తప్పును చెప్పుటకు దీపములు వెలుగును; పాత బండిలో చప్పుడే దీపము.

బేరింగు పని యేమో ముందుగా చెప్పవలెను. ఎడ్లబండిలో చక్రము ఇరుసుపై నేరుగా తిరుగును. ఇనుము ఇనుముతో ఒరసికొనకుండ మన పెద్దలు కాల్చిన వరిగడ్డి మసిని ఆముదముతో మెదిపి కందెనగా పెట్టెడివారు. చక్రము ఊడిపోకుండ ఇరుసు చివర సీల గ్రుచ్చెడివారు. కారులోను సూత్రము ఇదియే. అయితే ఒరసికొనుటకు మారుగా దొర్లునట్లు ఏర్పాటు చేసినారు. ఇరుసు మొనపై లోపలి కట్టు, హబ్బులో వెలుపలి కట్టు, రెంటి నడుమ ఏటవాలుగా నిలిచిన చిన్న ఉక్కు రోలర్లు, వాటి చుట్టు గ్రీసు. నా బండి ముందు చక్రములలో ఒక్కొక్కదానికి ఇట్టి బేరింగులు రెండేసి, లోపల పెద్దది, వెలుపల చిన్నది. లోపలి కట్టు ఇరుసుపై నిలిచియుండగా వెలుపలి కట్టు చక్రముతో పాటు తిరుగును. ఈ రోలర్లు నునుపుగా నున్నంతకాలము బండి నిశ్శబ్దముగా సాగును.

ఈ నునుపు చెడుటకు ముఖ్యముగా నాలుగు కారణములు. నీరు లోపలికి పోవుట, దుమ్ము పోవుట, గ్రీసు ఎండిపోవుట, బిగించువాడు అతిగా బిగించుట. మా బరంపురములో వర్షాకాలమున కొన్ని వీధులలో నీరు హబ్బులదాక నిలుచును. సీలు పెదవి అరిగిన చక్రములోనికి ఆ నీరు ప్రవేశించి గ్రీసును కడిగివేయును. ఉక్కుపై మొదట సన్నని గుంటలు, పిమ్మట పెచ్చులు లేచును. ఆ పెచ్చులపై రోలర్లు దొర్లునప్పుడు పుట్టునదే ఆ చప్పుడు.

గత సంవత్సరము వానలు వెనుకబడిన తరువాత నా బండిలో అట్టి చప్పుడు వినవచ్చినది. నలుబది కిలోమీటర్ల వేగము దాటగానే దూరమున తిరుగలి విసరుచున్నట్లు సన్నని రొద. వేగముతో పాటు అదియు హెచ్చుచుండెను. అప్పటికి వారము దినములలో మా అక్కయ్యను విశాఖపట్టణమునకు కంటి శస్త్రచికిత్సకై తీసికొనిపోవలసియున్నది. ఆమె వయస్సు 78 సంవత్సరములు. మోకాళ్ళ నొప్పులచేత రైలుమెట్లు ఎక్కలేదు. ఇచ్ఛాపురము, పలాస, టెక్కలి, శ్రీకాకుళముల మీదుగా 16వ నెంబరు జాతీయ రహదారిపై 250 కిలోమీటర్లకు పైబడిన ప్రయాణము. వైద్యులు తేదీ నిర్ణయించినారు. తేదీ తప్పినచో మరల నెలదాటి గాని అవకాశము లేదు. రెండవ కంటిలో ఆమెకు చూపు అంతంతమాత్రమే.

ఒక టైర్ల దుకాణమువారు బండిని చూచి, ముందు టైర్లు రెండును మార్చుకొమ్మని సలహా యిచ్చిరి. మా మేనల్లునికి ఆ మాట నచ్చినది.

“మావయ్యా, టైర్లు గట్టిపడిపోయాయి, చప్పుడు వాటిదే. ఇప్పుడు డబ్బు తగలెయ్యడం ఎందుకు? మెల్లగా వెళ్ళి వచ్చేద్దాం. అమ్మ కన్ను బాగయ్యాక చూసుకుందాం” అనెను.

“టైరుదో కాదో తేలనీరా. తేలేదాకా మీ అమ్మను ఈ బండి ఎక్కించను” అంటిని.

లెక్కలలో తేడా వచ్చినపుడు గుమాస్తా తొందరపడి ఏదో ఒక అంకెను దిద్దడు. సరియైన పద్దులను ఒక్కొక్కటిగా తీసివేయుచు పోయినచో తప్పుడు పద్దు తనంతట తాను మిగులును. చప్పుళ్ళ విషయములోను మార్గము అదియే.

మొదట ఇంజనును తీసివేసితిమి. నిర్జనమైన రహదారిపై వేగము పుంజుకొని క్లచ్చి నొక్కితిని. ఇంజను చప్పుడు తగ్గినను రొద తగ్గలేదు. కావున తప్పు చక్రముల వైపు నున్నది. తరువాత టైర్లు. నున్నని తారు రోడ్డుపైనుండి కాంక్రీటు రోడ్డుపైకి పోయినపుడు టైరు చప్పుడు మారును. ఈ రొద మారలేదు. అయినను సందేహము మిగులకుండ ముందు టైర్లను వెనుకకు, వెనుక టైర్లను ముందుకు మార్పించితిని. రొద ఉన్నచోటనే ఉన్నది.

ఇక ఏ ప్రక్కది అను ప్రశ్న. బండి ఎడమకు తిరుగునపుడు బరువు కుడి చక్రములపై పడును. కుడికి తిరుగునపుడు ఎడమ చక్రములపై పడును. విశాలమైన మైదానమున మెల్లగా అటు నిటు త్రిప్పి చూచితిని. ఎడమకు తిరిగినపుడు రొద హెచ్చినది, కుడికి తిరిగినపుడు తగ్గినది. దీనినిబట్టి కుడి చక్రముపై అనుమానము కలిగినది.

అప్పుడు మా వీధి మేస్త్రీ వద్దకు పోతిమి. ఆయన మాటలన్నియు విని, “టైరైతే రోడ్డు మారితే గొంతు మారుస్తుంది బాబుగారూ. ఇది మార్చట్లేదంటే లోపల్దే” అని తక్కిన పరీక్షలు తాను చేసెను. వెనుక చక్రములకు రాళ్ళు అడ్డుపెట్టి, ముందు భాగమును జాకీతో లేపి, దిమ్మపై నిలిపెను. జాకీ ఒక్కదానిని నమ్మి బండి క్రింద చేయి పెట్టరాదు. చక్రమును పైన ఒక చేతితో, క్రింద ఒక చేతితో పట్టి ఊపగా కొద్దిగా కదలాడినది. ఈ కదలిక బేరింగుది కావచ్చును, చక్రమును మోయు కీళ్ళది కావచ్చును. అది తెలిసికొనుటకు మా మేనల్లుని బ్రేకు నొక్కి పట్టుమనెను. బ్రేకు పట్టగానే హబ్బును వెనుక పలకయు ఒకటియై, బేరింగులోని కదలిక మాయమగును. కీళ్ళ కదలిక మాత్రము నిలిచియుండును. మా చక్రమున కదలిక మాయమైనది. పిమ్మట బ్రేకు వదలి, చక్రమును చేతితో త్రిప్పుచు, చక్రమును మోయు కమ్మిపై రెండవ చేయి ఉంచమని నాకు చెప్పెను. గరుకు నేలపై గోళీలు దొర్లుచున్నట్లు వ్రేళ్ళకు తెలిసినది. మేనల్లుడును చేయి పెట్టి చూచి, మరి టైర్ల మాట ఎత్తలేదు.

చక్రము విప్పి, డ్రమ్ము తీసి, గ్రీసు మూత ఊడదీసి, సీల లాగి, నట్టు విప్పి హబ్బును బయటకు తీసిరి. పాత బండ్ల బ్రేకు ధూళిలో ఆస్‌బెస్టాసు ఉండవచ్చును గనుక దానిని ఊదరాదు, తడిగుడ్డతో తుడువవలెను. లోపలి బేరింగును కిరసనాయిలులో కడిగి వెలుతురున పెట్టి చూచితిమి. రెండు రోలర్లపై పెచ్చులు లేచియున్నవి. కట్టు పైభాగమున వేడికి కమిలిన నీలిరంగు. గ్రీసు నీటితో కలిసి పలుచనై యుండెను.

“ఇది శ్రీకాకుళం దాకా లాగేది కాదు బాబుగారూ” అని మేస్త్రీ మెల్లగా అనెను. ఇట్టి బేరింగు రహదారి వేగములో మరింత కాగి బిగుసుకొనిపోవచ్చును. రోలర్లు చెదరి చక్రమే వదులుకావచ్చును. మెల్లగా నడిపినంతమాత్రమున పెచ్చులు మానవు.

ఊరిలోని ఒక అంగడిలో దొరికిన బేరింగును మేస్త్రీ త్రిప్పి పంపెను. పెట్టెపై అక్షరములు అలికినట్లున్నవి. కట్టుపై సంఖ్య స్పష్టముగా లేదు. పేరుపొందిన సరకునకు నకిలీలు పుట్టుచున్న కాలమిది. మా మేనల్లుడు మరునాడు తెల్లవారుజామున భువనేశ్వరము పోయి, తుప్పు పట్టకుండ నూనె పూసి మూసిన పెట్టెలలో నున్న అసలు సరకును, క్రొత్త సీలును రాత్రికి తెచ్చెను. ప్రయాణమునకు మూడు దినములు మిగిలినవి.

బిగింపులో గుర్తుంచుకొనదగినవి కొన్ని గలవు. లోపలి కట్టును, వెలుపలి కట్టును జతగానే మార్చవలెను. క్రొత్త రోలర్లను పాత కట్టులో పెట్టినచో పాత గుంటలు క్రొత్తవాటిని తినివేయును. పాత కట్టును ఇత్తడి కడ్డీతో ఒకమారు ఈ ప్రక్క, ఒకమారు ఆ ప్రక్క కొట్టి సమముగా దింపవలెను. క్రొత్తదానిని కూర్చునపుడు పాత కట్టునే దానిపై పెట్టి మెల్లగా కొట్టుట మేలు. కట్టు అడుగు తాకగానే సుత్తి చప్పుడు మారును, అక్కడ ఆగవలెను. గ్రీసును అరచేతిలో వేసికొని బేరింగు వెడల్పు అంచును దానిపై నొక్కుచుండగా రోలర్ల సందులనుండి అవతలి ప్రక్కకు వెలువడవలెను. పైపైన పూసిన చాలదు. అట్లని హబ్బంతయు కూరరాదు, వేడికి ఉబ్బి సీలును త్రోసుకొని వచ్చును. బ్రేకు చెప్పులకు గ్రీసు చేయి తగులరాదు.

అన్నిటికన్న ముఖ్యమైనది నట్టు బిగింపు. బలము గలవాడు బిగించినదే భద్రమని మనము తలంతుము. ఇక్కడ అది చెల్లదు. చక్రమును త్రిప్పుచు నట్టును బిగించి, రోలర్లు తమతమ చోట్ల కూర్చున్న పిదప దానిని వదలి, మరల వ్రేళ్ళతో మాత్రమే బిగించవలెను. ఆపైన సీల రంధ్రమునకు నట్టు గాడి సరిపడునట్లు కొంచెము సవరించి, క్రొత్త సీల గ్రుచ్చి, కొనలు మడువవలెను. పాత సీలను మరల వాడరాదు. లోపల వెండ్రుక మందమంత సందు మిగులవలెను. సందు లేనిచో వేడికి పెరిగిన ఉక్కు తన్ను తానే నలుపుకొనును. సందు హెచ్చినచో చక్రము ఊగులాడును. ఎడమ చక్రమును గూడ విప్పించి చూచితిమి. అందలి బేరింగులు నునుపుగానే యున్నందున కడిగి, క్రొత్త గ్రీసు, క్రొత్త సీలు పెట్టించి, వాటినే ఉంచితిమి.

మేస్త్రీవద్ద పదునారేండ్ల కుర్రవాడు పని నేర్చుకొనుచున్నాడు. ఇంట తెలుగు, వీధిలో ఒరియా. మా గంజాము ప్రాంతము 1936 ఏప్రిల్ 1వ తేదీన మదరాసు ప్రెసిడెన్సీనుండి ఒరిస్సాకు చేరినది మొదలు మా పిల్లలందరి భాష ఇట్లే రెండు చక్రములపై నడుచుచున్నది. వానికి గ్రీసు, కాటర్ పిన్, స్టబ్ యాక్సిల్ అను మాటలు తెలియును గాని అది ఏల పెట్టవలెనో, ఇది ఏల మడువవలెనో తెలియదు. “ఇది కందెనరా, అది సీల, ఆ మొన ఇరుసు” అని నేను చెప్పగా వాడు నవ్వి, “మా తాత బండి తోలేవాడండీ. సీల పడిపోతే చక్రం పడిపోతాదనేవాడు” అనెను. అటుపిమ్మట సీల కొనలు మడుచుట వానికి ఎవ్వరును జ్ఞాపకము చేయనక్కరలేకపోయినది. మన ఇండ్లలో నిలిచిన పాత మాటలు అలంకారమునకు మాత్రమే కావు. పనిముట్టు పేరు తన భాషలో తెలిసినవానికి దాని ప్రయోజనము గూడ తెలియును.

బిగింపు ముగిసిన తరువాత పది కిలోమీటర్లు నడిపి, హబ్బు దగ్గర చేయి పెట్టి చూచితిమి. రెండు ప్రక్కల వేడియు సమానముగా, స్వల్పముగా నున్నది. రొద లేదు. అనుకొన్న దినముననే విశాఖపట్టణము చేరితిమి. అక్కయ్యకు శస్త్రచికిత్స నిర్విఘ్నముగా జరిగినది. కట్టు విప్పిన దినమున ఆమె మొట్టమొదట నన్ను చూచి, “ఎంత ముసలివాడివైపోయావురా తమ్ముడూ!” అనెను. ఆ మాట వినుటకు ఎన్ని బేరింగులైనను మార్చవచ్చును.

పాత బండ్లు గల మిత్రులకు నా మనవి యొక్కటే. ఏటేట వానలు వెలసిన పిదప ముందు చక్రములను లేపి ఊపి చూడుడు. క్రొత్త బేరింగు వేసిన కొన్ని వందల కిలోమీటర్లకు మరల సందు పరీక్షింపుడు. దూరప్రయాణమున టీ త్రాగుటకు ఆగినపుడు నాలుగు హబ్బుల దగ్గరను చేయి ఆనీ ఆననట్లుంచి, ఏదియైన తక్కినవానికంటె వేడిగా నున్నదేమో గమనింపుడు. అన్నిటికి మించి, చక్రము మాటలాడుచున్నప్పుడు రేడియో పాట హెచ్చించి దాని నోరు మూయకుడు.